చిత్తూరు మాండలిక పదకోశానికి ఎక్స్‌ఎమ్‌ఎల్: హెరాల్డ్ పుస్తకాల్లో ఏది ముందు చదవాలి?

స్వర్ణముఖి (తిరుపతి) ప్రశ్న:

అందరికీ నమస్కారం. మా నాన్నగారు పలమనేరు చుట్టుపక్కల స్కూళ్లలో తెలుగు పండితులుగా పనిచేసి రిటైరయ్యారు. ఉద్యోగంలో ఉన్నంతకాలం అక్కడి జనం మాట్లాడే మాటల్ని చీటీల మీద రాసి దాచారు. అవి ఇప్పుడు అట్టపెట్టెల నిండా ఉన్నాయి. వాటిని పదకోశంగా అచ్చు వేయించాలని ఆయన కోరిక. అదే సరుకు ఫోన్‌లో వెతుక్కునేలా కూడా ఉండాలని నా కోరిక.

నేను తిరుపతిలో డీటీపీ పని చేస్తాను. కొన్ని చీటీలు ఎక్సెల్‌లో ఎక్కించి చూశాను. ఒక మాటకు ఒకే అర్థం ఉంటే పర్వాలేదు. 'కాపు' లాంటి మాట వస్తే చెట్టు కాపు ఒక అర్థం, వ్యవసాయం చేసే మనిషి ఇంకో అర్థం. ఒక్కోదానికి రెండు మూడు ఉదాహరణలు, ఒక్కో ఉదాహరణ ఒక్కో ఊరిది. కాలమ్స్ పెంచుకుంటూ పోతే షీట్ సగం ఖాళీ గళ్లే.

ఏ ముక్క ఏమిటో చెప్పే పేర్లు (ట్యాగులు) తగిలించి సమాచారం రాసుకునే ఎక్స్‌ఎమ్‌ఎల్ అనే పద్ధతి దీనికి పనికొస్తుందేమో అనుకుంటున్నాను. పాత పుస్తకాల అంగట్లో ఎలియట్ రస్టీ హెరాల్డ్ రాసిన 'ఎక్స్‌ఎమ్‌ఎల్ బైబిల్' మొదటి ముద్రణ దొరికింది. తెలిసినవాళ్లు ఆయనదే 'ఎక్స్‌ఎమ్‌ఎల్ ఇన్ ఎ నట్‌షెల్' ఇచ్చారు. రెండూ లావుగా ఉన్నాయి, రెండూ పాతవి. బెంగళూరులో ఉండే మా పెద్దమ్మ కొడుకు "అవన్నీ ఎవరూ వాడటం లేదు, జేసన్ చాలు" అంటున్నాడు. జేసన్ అంటే యాప్‌లు సమాచారం ఇచ్చిపుచ్చుకోవడానికి వాడే ఇంకో పద్ధతట.

ఈ పుస్తకాలు ఇప్పుడు చదవచ్చా? ఏది ముందు? ట్యాగులు తెలుగులో పెట్టుకోవచ్చా? నాన్నగారికి ఇంగ్లీషు ట్యాగులు చూస్తే టెన్షన్. ప్రూఫు చూసేది ఆయనే.

---

కపిలతీర్థం_మాస్టారు:

స్వర్ణముఖి గారూ, నేను తిరుపతిలో డిగ్రీ పిల్లలకు కంప్యూటర్ పాఠాలు చెబుతాను. ఎక్స్‌ఎమ్‌ఎల్ నేర్చుకున్నదీ, చాలాకాలం పిల్లలకు చెప్పిందీ హెరాల్డ్ పుస్తకాలతోనే. కాబట్టి కాస్త వివరంగా రాస్తాను.

చదవచ్చు. కానీ మీ దగ్గరున్న రెండింటిలో ఏదీ మొదటి పేజీ నుంచి చివరిదాకా చదవాల్సిన పని లేదు.

హెరాల్డ్ అమెరికా ఆయన. న్యూయార్క్ బ్రూక్లిన్‌లోని పాలిటెక్నిక్ యూనివర్సిటీలో పాఠాలు చెప్పారు. జావాకు 'కఫే ఓ లే', ఎక్స్‌ఎమ్‌ఎల్‌కు 'కఫే కాన్ లేచే' అని రెండు వెబ్‌సైట్లు నడిపారు. జావాలో ఎక్స్‌ఎమ్‌ఎల్‌ని చదవడానికి 'ఎక్సామ్' (XOM) అనే లైబ్రరీ రాశారు. ఎక్స్‌ఎమ్‌ఎల్ 1.0 ప్రమాణం 1998 ఫిబ్రవరి 10న వస్తే, మీ చేతిలో ఉన్న 'బైబిల్' 1999లో వచ్చింది. అంటే అందరూ అప్పుడే నేర్చుకుంటున్న రోజుల్లో రాసిన పుస్తకం. అందుకే ఏదీ తెలుసనుకుని వదిలేయడు. చదివేవాడు ఎక్కడ ఆగిపోతాడో ముందే ఊహించి అక్కడ నిలబడి చెబుతాడు. ఆ గుణం వల్లే ఆ పుస్తకం నాకు ఇప్పటికీ ఇష్టం.

అందులో నాలుగు, ఐదు అధ్యాయాలు ముందు చదవండి. అమెరికాలో 1998 సీజన్ బేస్‌బాల్ లెక్కలు తీసుకుని, వాటిని ఎక్స్‌ఎమ్‌ఎల్‌లో ఎలా అమర్చాలో చూపిస్తాడు. సీజన్‌లో లీగులు, లీగులో డివిజన్లు, డివిజన్‌లో జట్లు, జట్టులో ఆటగాళ్లు, ఒక్కొక్కరి లెక్కలు. మనకు బేస్‌బాల్ తెలియదు, ఆ లెక్కల పేర్లు అర్థం కావు. వదిలేయండి. ఆయన చేసే పని మాత్రం చూడండి. సరుకంతా ముందు బల్ల మీద పరుచుకుంటాడు. దేనిలోపల ఏది ఉంటుంది, ఏది ఒక్కసారే వస్తుంది, ఏది ఎన్నిసార్లయినా రావచ్చు, ఏది అసలు లేకపోవచ్చు అని తేల్చుకుంటాడు. డీటీడీ (ఏ ట్యాగు ఎక్కడ రావచ్చో చెప్పే పట్టీ), రూల్స్ అన్నీ ఆ తర్వాతే. మీ ఎక్సెల్ ఇబ్బంది కూడా అక్కడే ఉంది. చీటీలో ఉన్నది చెట్టులా కొమ్మలు వేసే సరుకు, మీరు దాన్ని గళ్లలో సర్దాలని చూస్తున్నారు.

ఐదో అధ్యాయంలో అదే బేస్‌బాల్ సరుకుని మళ్లీ మొదటినుంచి, ఈసారి యాట్రిబ్యూట్లతో, అంటే ట్యాగు పేరు పక్కనే చేర్చే వివరాలతో రాస్తాడు. ఒకే సరుకు రెండు రకాలుగా కళ్లముందు ఉంటుంది కాబట్టి దేన్ని ట్యాగు చేయాలి, దేన్ని యాట్రిబ్యూట్ చేయాలి అన్నది మీకే తెలిసిపోతుంది. చదివేవాళ్లకు కనిపించాల్సిన మాటలు ట్యాగుల లోపల. ఆ మాటల గురించిన సమాచారం, అంటే చీటీ నంబరు, ఏ సంవత్సరంలో రాసుకున్నారు లాంటివి యాట్రిబ్యూట్లలో. నేనైతే మీ చీటీ ఒకటి ఇలా రాస్తాను:

<పదం చీటీ="214">
  <రూపం>ఉర్లగడ్డ</రూపం>
  <భాషాభాగం>నామవాచకం</భాషాభాగం>
  <అర్థం>
    <వివరణ>బంగాళాదుంప</వివరణ>
    <ఉదాహరణ ఊరు="పలమనేరు">సంతలో <మాట>ఉర్లగడ్డలు</మాట> తక్కువకే ఇస్తా ఉండారు.</ఉదాహరణ>
  </అర్థం>
</పదం>

చీటీ నంబరు, ఉదాహరణ వాక్యం నేను ఊరికే వేసినవి. 'కాపు' వస్తే <అర్థం> రెండుసార్లు రాస్తారు, అంతే. ఉదాహరణ లేని చీటీకి ఆ ట్యాగే ఉండదు. ఖాళీ గళ్ల బాధ లేదు.

'బైబిల్'లో వదిలేయాల్సినవి కూడా చెబుతాను. ఇంటర్నెట్ ఎక్స్‌ప్లోరర్ 5లో ఎలా కనిపిస్తుందో చూపించే భాగాలు, సీడీఎఫ్ చానళ్లు, వీఎమ్‌ఎల్ బొమ్మలు. వీటి కాలం ముగిసింది. ఎక్స్‌లింక్, ఎక్స్‌పాయింటర్ అధ్యాయాలతో కూడా మీకు పని పడదు.

'నట్‌షెల్' హెరాల్డ్, స్కాట్ మీన్స్ కలిసి రాసింది. మొదటి ముద్రణ 2001లో, మూడోది 2004లో వచ్చాయి. అది పక్కన పెట్టుకుని అవసరమైనప్పుడు తిరగేసే పుస్తకం. ఎక్స్‌పాత్ (ఫైల్లో కావాల్సిన ముక్కను పట్టుకునే భాష), ఎక్స్‌ఎస్‌ఎల్‌టీ (ఫైలుని ఇంకో రూపంలోకి మార్చే భాష) అధ్యాయాలు మాత్రం చదవండి. చీటీల ఫైలు నుంచి అచ్చుకు ఒక రూపం, ఫోన్‌కు ఇంకో రూపం తీసేది ఎక్స్‌ఎస్‌ఎల్‌టీతోనే. ఆ రెండు ప్రమాణాల మొదటి వెర్షన్లు 1999 నవంబరులో వచ్చాయి, అవి ఈరోజుకీ పనిచేస్తాయి.

మీ దగ్గర లేని పుస్తకం ఒకటి ఉంది, నా లెక్కలో మీకు అన్నిటికంటే అవసరమైంది అదే. 2003లో వచ్చిన 'ఎఫెక్టివ్ ఎక్స్‌ఎమ్‌ఎల్'. యాభై చిన్న చిన్న సలహాలు, ప్రతిదానికీ ఎందుకో కారణం. ఎక్స్‌ఎమ్‌ఎల్ డిక్లరేషన్ (ఇది ఎక్స్‌ఎమ్‌ఎల్ ఫైలని చెప్పే మొదటి లైను) తప్పకుండా రాయమంటాడు. ఖాళీ స్థలాన్ని తేలిగ్గా తీసుకోవద్దంటాడు. నిర్మాణం ఉన్నచోట దాన్ని మార్కప్‌తోనే, అంటే ట్యాగులతోనే బయటికి చూపించమంటాడు. ఈ చివరిది మీ పనికి ప్రాణం. చీటీ మీద నాన్నగారు "పలమనేరు, కుప్పం, సంతలో విన్నది" అని ఒకే ముక్కగా రాసి ఉంటే దాన్ని అలాగే ఒక ట్యాగులో పడేయకండి. కామాలు, సెమికోలన్లు చూసి మళ్లీ విడగొట్టే పని కంప్యూటర్‌కి మిగల్చకూడదు. రెండు ఊళ్లు రెండు ట్యాగులు, సంత ఇంకో ట్యాగు.

'ప్రాసెసింగ్ ఎక్స్‌ఎమ్‌ఎల్ విత్ జావా' అని 2002లో ఇంకోటి వచ్చింది. మొత్తం పాఠాన్ని ఆయనే తన సైట్‌లో ఉచితంగా పెట్టారు. మంచి పుస్తకం, కానీ జావా రాసేవాళ్లకు. మీకు ఇప్పుడు వద్దు.

---

పుంగనూరు_కోడర్:

అక్కా, మీ పెద్దమ్మగారి అబ్బాయిలాగే నేనూ బెంగళూరులో సాఫ్ట్‌వేర్ పనిలోనే ఉన్నాను. రోజూ జేసన్ తోనే పని. మాస్టారు చెప్పినదానికి కొంచెం ఎదురు చెబుతున్నాను, ఏమనుకోవద్దు సార్.

ఫోన్ యాప్‌కి జేసన్ ఇవ్వడమే తేలిక. పదం, అర్థాల వరుస, ఒక్కో అర్థం కింద ఉదాహరణల వరుస, ఇవన్నీ అందులోనూ చక్కగా కుదురుతాయి. ఎక్సెల్ బాధ తీరడానికి ఎక్స్‌ఎమ్‌ఎల్లే కావాలని లేదు.

ఇంకోటి. తెలుగు ట్యాగుల సంగతి మాస్టారు మాట వరసకి కూడా చెప్పకుండా నేరుగా రాసి చూపించేశారు. కానీ అదే 'ఎఫెక్టివ్ ఎక్స్‌ఎమ్‌ఎల్'లో, వీలైతే మార్కప్‌ని ఆస్కీ అక్షరాల్లోనే, అంటే మామూలు ఇంగ్లీషు అక్షరాల్లోనే పెట్టుకోమని హెరాల్డ్ సలహా ఇస్తాడు కదా? పుస్తకం మొదట్లోనే ఉంది. పదకోశం రేపు ఇంకెవరైనా వాడుకోవాలంటే ఇంగ్లీషు ట్యాగులే మంచిదని నా అభిప్రాయం.

---

కపిలతీర్థం_మాస్టారు:

అనుకోవడానికేముంది నాయనా, అడగాల్సిందే అడిగావు.

ముందు జేసన్. యాప్‌కి జేసన్ ఇవ్వాలన్నదాంట్లో నీతో నాకు పేచీ లేదు. కానీ పైన ఉదాహరణ వాక్యం చూడు. వాక్యం మధ్యలో <మాట> అని ఒక ముక్కకి గుర్తు పెట్టాను. పదకోశంలో ఇది ప్రతి పేజీలో వస్తుంది. వివరణ మధ్యలో "ఫలానా పదం చూడండి" అని రావాలి, ఉదాహరణలో అసలు మాట బోల్డులో రావాలి. ఇలా రాత మధ్యలో గుర్తులు కలిసి ఉండేదాన్ని మిక్స్‌డ్ కంటెంట్ అంటారు. దాన్ని మర్చిపోవద్దని కూడా ఆ యాభైలో ఒక సలహా ఉంది. జేసన్‌లో చేయాలంటే వాక్యాన్ని ముక్కలుగా కోసి వరుసలో పెట్టాలి. అలా కోసిన వాక్యాన్ని ఒక పెద్దాయన చదివి ప్రూఫు దిద్దగలరా? మూలం ఎక్స్‌ఎమ్‌ఎల్‌లో ఉంచి, యాప్ కోసం దాన్నుంచి జేసన్ తీసుకోవడం సుళువు. జేసన్‌ని మూలంగా పెట్టుకుంటే తర్వాత అచ్చు పని దగ్గర ఇబ్బంది పడాల్సి వస్తుంది.

తెలుగు ట్యాగుల విషయంలో హెరాల్డ్ సలహా నువ్వు చెప్పినట్టే ఉంది. దాని వెనుక కారణం కూడా చూడాలి. 2003 నాటికి చాలా ఎడిటర్లు, ఫాంట్లు యూనికోడ్‌ని (అన్ని భాషల లిపులకూ కలిపి ఉన్న ఒకే అక్షర పద్ధతిని) సరిగ్గా చూపించేవి కావు. ఎక్కడికి పంపినా చెదరకుండా ఉండాలంటే ఆస్కీ అన్నాడు, "వీలైతే" అని కూడా అన్నాడు. ఎక్స్‌ఎమ్‌ఎల్ 1.0 అయితే మొదటి రోజు నుంచే తెలుగు అక్షరాలతో ట్యాగు పేర్లు ఒప్పుకుంది. ఇక్కడ ఫైలు రోజూ తెరిచేది తెలుగు పండితులు. ఆయనకు అర్థమయ్యే పేర్లు ఉంటే ట్యాగు తప్పు పడినప్పుడు ఆయనే పట్టుకుంటారు. బయటివాళ్లకు ఇచ్చే రోజు వస్తే పేర్లు మార్చే ఎక్స్‌ఎస్‌ఎల్‌టీ ఒకటి రాస్తే చాలు, చిన్న పని. ఈ ఒక్క సలహా దగ్గర నేను హెరాల్డ్ మాట పక్కన పెడతాను.

అయితే స్వర్ణముఖి గారూ, తెలుగు ట్యాగులతో జాగ్రత్త పడాల్సినవి రెండున్నాయి.

'సాఫ్ట్‌వేర్' అని రాసేటప్పుడు ట, వ కలిసిపోకుండా మధ్యలో కంటికి కనబడని అక్షరం ఒకటి టైపు చేస్తాం, జీరో విడ్త్ నాన్ జాయినర్. ఎక్స్‌ఎమ్‌ఎల్ 1.0 మొదటి ముద్రణల్లో పేర్లలో అది కుదరదు. 2008 చివర్లో వచ్చిన ఐదో ముద్రణ దాన్ని అనుమతించింది. అనుమతించినా మీరు ట్యాగు పేర్లలో పెట్టకండి. తెరిచే ట్యాగులో ఉండి మూసే ట్యాగులో లేకపోతే కంటికి రెండూ ఒకటే, పార్సర్‌కి (ఫైలుని చదివే ప్రోగ్రాముకి) వేరు. ఫైలు తెరుచుకోదు, తప్పెక్కడుందో కనబడదు. ట్యాగుల లోపల రాసే మామూలు పాఠంలో మాత్రం నిశ్చింతగా వాడుకోండి.

రెండోది ఐత్వం. 'కై'లో ఉన్న ఐత్వాన్ని యూనికోడ్‌లో ఒకే అక్షరంగా రాయవచ్చు, ఎత్వం కింద ఇంకో గుర్తు చేర్చి రెండు అక్షరాలుగానూ రాయవచ్చు. తెరమీద తేడా ఉండదు. పార్సర్ ఈ రెంటినీ కలిపి ఒకటిగా చూడదు, ఫోన్‌లో వెతికినప్పుడు సగం మాటలు దొరకవు. కాబట్టి ఫైలంతా ఎన్‌ఎఫ్‌సీ అనే ఒకే పద్ధతిలోకి మార్చుకుని సేవ్ చేయండి.

ఎక్స్‌ఎమ్‌ఎల్ 1.1 అనే తర్వాతి వెర్షన్ జోలికి పోకండి. హెరాల్డ్ 2004 'బైబిల్' అట్ట మీద 1.1 అనే ఉంటుంది. కానీ 1.0తోనే ఉండమని 'ఎఫెక్టివ్'లో ఆయనే గట్టిగా చెప్పాడు.

---

వకుళ_లైబ్రరీ (తిరుపతి):

నేను లైబ్రరీ వైపు నుంచి ఒక మాట చేరుస్తాను. పదకోశాలకు ఎక్స్‌ఎమ్‌ఎల్ ఎలా ఉండాలో ఇప్పటికే ఆలోచించి పెట్టినవాళ్లున్నారు. టెక్స్ట్ ఎన్‌కోడింగ్ ఇనిషియేటివ్, క్లుప్తంగా టీఈఐ, 1987లో మొదలైంది. ఎక్స్‌ఎమ్‌ఎల్ పుట్టకముందే, దాని పెద్దక్క ఎస్‌జీఎమ్‌ఎల్‌తో పని మొదలుపెట్టారు. ఎక్స్‌ఎమ్‌ఎల్ 1.0 సంపాదకుల్లో ఒకరైన స్పెర్‌బర్గ్-మెక్‌క్వీన్ టీఈఐ మార్గదర్శకాలకూ సంపాదకులే. వాళ్ల మార్గదర్శకాల్లో నిఘంటువులకు విడిగా ఒక అధ్యాయం ఉంది, ఉచితంగా చదవచ్చు. ట్యాగులు తెలుగులో పెట్టుకున్నా ఆ అధ్యాయం ముందు చదివితే, మీ చీటీల్లో ఏమేం రకాల సమాచారం ఉందో గుర్తుపట్టడం తేలికవుతుంది. మాస్టారు రాసిన నమూనా కూడా దాదాపు ఆ అచ్చులోనే ఉంది.

భద్రిరాజు కృష్ణమూర్తి గారి 'మాండలిక వృత్తి పదకోశం' వ్యవసాయ సంపుటం (1962) నాన్నగారికి తెలిసే ఉంటుంది. ఏ మాట ఏ ప్రాంతానిదో అందులో ఎలా సూచించారో మీరూ ఒకసారి చూడండి.

ప్రాంతం విషయంలో ఒక్కటి మాత్రం గట్టిగా చెబుతాను. జిల్లా పేరు ట్యాగులో రాయకండి. నాన్నగారు రాసుకున్న రోజుల్లో అదంతా చిత్తూరు జిల్లా. 2022 ఏప్రిల్ 4న జిల్లాలు విడిపోయినప్పుడు పలమనేరు, కుప్పం చిత్తూరులోనే ఉన్నాయి, చంద్రగిరి, శ్రీకాళహస్తి తిరుపతి జిల్లాలోకి వచ్చాయి, మదనపల్లె, పీలేరు అన్నమయ్య జిల్లాలోకి వెళ్లాయి. ఊరికి ఒక గుర్తు ఇచ్చి, ఊళ్ల జాబితా ఫైలులో ఇంకోచోట ఒక్కసారే పెట్టుకోండి. హద్దులు మళ్లీ మారినా ఆ జాబితా దిద్దితే చాలు, చీటీలు ముట్టుకోనక్కర్లేదు.

---

స్వర్ణముఖి:

అందరికీ చాలా థాంక్స్. నిన్న రాత్రి నాన్నగారి పక్కన కూర్చుని 'ఉ' పెట్టెలోవి కొన్ని మాస్టారి పద్ధతిలో రాశాం. ట్యాగులు చూసి నాన్నగారు "ఇది నా చీటీయే కదా" అన్నారు. వెంటనే <చెప్పినవారు> అని ఇంకో ట్యాగు కావాలన్నారు. చీటీ వెనకవైపు ఆ మాట ఎవరి నోట విన్నారో రాసి ఉంటుందట, నేను ఇన్నాళ్లూ తిప్పి చూడలేదు. బతికున్నవాళ్ల పేర్లు అచ్చులో వేయొద్దన్నారు, కానీ ఫైల్లో ఉండాలన్నారు.

మరో రెండు ప్రశ్నలు. కొన్ని చీటీలు ఎప్పుడో అను ఫాంట్లలో పేజ్‌మేకర్‌లో టైపు చేయించి ఉన్నాయి. వాటిని నేరుగా తీసుకోవచ్చా? అచ్చు పని ఇన్‌డిజైన్‌లో చేస్తాను, అది ఈ ఫైలు తీసుకుంటుందా?

---

కపిలతీర్థం_మాస్టారు:

నాన్నగారు అడిగిన ట్యాగు తప్పకుండా పెట్టండి. ఒకే ఫైలు నుంచి అచ్చుకు పేర్లు లేకుండా, మీ ఇంటికి పేర్లతో తీసుకోవచ్చు. ఎక్స్‌ఎస్‌ఎల్‌టీలో ఆ ట్యాగుని వదిలేయమంటే వదిలేస్తుంది.

అను ఫాంట్ల సరుకు నేరుగా కుదరదు. అక్కడ ఫైల్లో ఉన్నవి నిజానికి ఇంగ్లీషు వైపు అక్షరాలు, ఫాంటు వాటికి తెలుగు బొమ్మ తొడుగుతుంది. ఎక్స్‌ఎమ్‌ఎల్‌లోకి ఫాంటు రాదు, మిగిలేది అర్థంకాని అక్షరాల గుంపు. ముందు యూనికోడ్‌లోకి మార్చండి, మార్చాక వొత్తులు ఒక్కొక్కటీ కంటితో చూడండి. మాండలికం కాబట్టి స్పెల్‌చెక్‌ని నమ్మడానికి లేదు.

ఇన్‌డిజైన్ ఎక్స్‌ఎమ్‌ఎల్ తీసుకుంటుంది. ట్యాగుకి స్టైలు జతచేసే సదుపాయం ఉంది, <రూపం> అంటే ఈ స్టైలు, <మాట> అంటే ఈ బోల్డు అని ఒకసారి చెబితే చాలు. తెలుగు సరిగ్గా రావాలంటే పేరాగ్రాఫ్ సెట్టింగుల్లో వరల్డ్-రెడీ కంపోజర్ ఎంచుకోండి. ఒక్క సంగతి. నేను పైన చూపించినట్టు లైన్లు, ఖాళీలు పెట్టి అందంగా రాసిన ఫైలుని అలాగే ఇస్తే ఆ ఖాళీలన్నీ పేజీలోకి వచ్చి పడతాయి. ఖాళీ స్థలం గురించి హెరాల్డ్ చేసిన హెచ్చరిక మీకు అక్కడ పనికొస్తుంది. అచ్చుకు తీసే ఎక్స్‌ఎస్‌ఎల్‌టీలో అవన్నీ తీయించేయండి.

అకారాది క్రమం మాత్రం కంప్యూటర్‌కి వదలకండి. యూనికోడ్ వరసలో ఱ వచ్చి ర పక్కన, ళ వచ్చి ల పక్కన కూర్చుంటాయి. మన వర్ణమాలలో అవి హ తర్వాత కదా. నాన్నగారికి ఏ వరస కావాలో అడిగి, ఆ వరసని ఒక చిన్న పట్టీగా రాసి పంపండి. సార్టింగ్ భాగం నేను రాసిపెడతాను.